పన్నెండో వరుస

అది ల్యాంపు రూము రిజిస్టరు.
ముందు నుంచి తెరిస్తే దీపాలు తీసుకున్నోళ్ళ వేలిముద్రలు.
తిప్పి పట్టుకుంటే, వెనుక అట్ట దగ్గర మొదలై,
ఆ ఏటి బొగ్గుగనుల లీగు.
పన్నెండు జట్లు. గెలిస్తే రెండు, సమమైతే ఒకటి.
ఎర్రసిరా గీతల అడుగున
పన్నెండో వరుసల మేము.

రాసింది మా మేనమామ నిమ్మల ఓదేలు.
బల్లార్‌పూర్‌ల గని నోటికాడ
దీపాలిచ్చి, దీపాలు లెక్కపెట్టుకునే మనిషి.
ఒక కాలు పొట్టి. బంతి తన్నలేడు.
అందుకే కార్యదర్శిని చేసిండ్రు.

సున్నం ఖర్చు దండుగని
బాయిలర్ బూడిదతోటి గీతలు పోసేది నేను,
తొమ్మిదేండ్ల పిల్లను.
వార్ధా మీదికెల్లి వాన వచ్చిందంటే
సగం ఆటకల్లా హద్దులు కొట్టుకపోయేటివి.
ఆ తర్వాత ఏది లోపలి బంతో ఏది బయటి బంతో
గొంతు పెద్దగున్నోడిదే తీర్పు.
తోలు బంతి నీళ్ళు తాగితే మేకపిల్ల బరువు.
దాన్ని తలతోటి కొట్టి కొట్టి
దుర్గం పోచం ఆ నాలుగు నెలలు
నుదుటి మీద లేసు అచ్చుతోటే తిరిగిండు,
పెండ్లిచూపులకు కూడా.

గోలుకాడ ఆత్రం లింగు.
రాత్రి షిఫ్టు ముగించి, పైకెక్కి,
మొఖం కూడ కడుక్కోకుండ ఆదివారం ఆటకు వచ్చేటోడు.
ఎండ కొత్త. కండ్లు చిట్లించుకునే లోపల్నే రెండు పడేటివి.
ఆ తర్వాత పులి.
మామ ప్రతి గోలుకు ఎదురుంగ నిమిషం రాసిండు.
నిన్న కూడి చూసిన:
మా మీద పడ్డ అరవై ఒక్క గోళ్ళల్ల
ఇరవై ఆరు మొదటి పది నిమిషాలయే.

ఎడమ అంచున వామన్ మేశ్రామ్
"ఇకడే! ఇకడే!" అని ఒర్లేటోడు,
ఇటు ఇయ్యి అని.
మంథని నుంచి అప్పుడే దిగిన రాజమల్లుకు
అది "ఇక్కడే" అని వినబడేది.
బంతిని కాలికింద తొక్కిపట్టి
చెప్పిన మాట విన్న పిల్లగాని లెక్క అక్కడనే నిలబడేటోడు.
మాజ్రీ మీద గెలిచే ఆట అట్ల సమమైంది.
ఆ ఒక్క పాయింటు పక్కన మామ
చిన్నగ రాసుకున్నడు: భాష.

రెండు గెలుపులు, మూడు సమం, పదిహేడు ఓటములు.
ఏడు పాయింట్లు.

దొర వదిలేసిపోయిన బంగళాల
చెదలు సగమే తిన్న ఆటల పంచాంగం ఒకటి దొరికింది మామకు.
ఇంగ్లండుల మొట్టమొదటి లీగుకు కూడా పన్నెండే జట్లట.
వాళ్ళయీ మిల్లుల ఊళ్ళు, పొగగొట్టాల ఊళ్ళు.
అడుగున మిగిలిన నలుగురు
మళ్ళ చేర్చుకోండని అర్జీ పెట్టుకోవాల్నట,
మిగతా జట్లు ఓట్లెయ్యాల్నట.
రాత్రి అన్నం ముందర కూర్చొని నవ్విండు మామ:
"ఓడిపోయినోడు మాట్లాడేటందుకు
ఒక నియమం పెట్టుకున్నరు సూడే!"

మా లీగుల ఆ నియమం లేదు.
ఎవ్వరూ అడగలేదు.
అయినా కార్బన్ పెట్టి రాసిండు:

"మహాశయా,
మేము పదిహేడు ఆటలు ఓడినాము.
ఇరవై రెండింటికీ వచ్చినాము.
ఘుగ్గుస్‌కు లారీ దొరకనినాడు నడిచి వచ్చినాము.
వచ్చే యేడు ఆటను కొంచెం ఆలస్యంగా మొదలుపెట్టగలరు.
మా గోలీకి వెలుతురు అలవాటు కావలె.
మమ్ములను తిరిగి చేర్చుకొనగలరని..."

పై ఏడు సమ్మె.
ఆ మీది ఏడు లీగు సంగతే ఎవ్వరెత్తలేదు.
మామ దీపాలు లెక్కపెట్టుకుంటనే రిటైరైండు.

ఇప్పుడక్కడ ఓపెన్‌కాస్ట్.
గోలు కర్రలు, నా బూడిద గీతలు, మైదానం మైదానమే
షిఫ్టు దిగింది.
ఏరియా ఆఫీసుల పాత ఫైళ్ళు ఏరే పని నాది.
ఒక పగలంత జవాబు కోసం వెతికిన.
చేర్చుకున్నమని లేదు.
తీసేసినమని లేదు.

కాల్చేసే కట్టలు ఒక దిక్కు, దాచే కట్టలు ఒక దిక్కు.
మామ కార్బన్ కాగితాన్ని
పెండింగుల పెట్టిన.